నాకంటే పెద్దదైన చెల్లెలు

పోయిన వారం మా కోవిల్‌పట్టిలో కాలం కాని కాలంలో వాన పడింది. మందుల కొట్టుకని బయలుదేరిన నేను దారిలో ఒక తీపెట్టి ఆఫీసు చూరు కింద నిలబడవలసి వచ్చింది. అగ్గిపెట్టెలు చేసే చోటును మా వైపు తీపెట్టి ఆఫీసు అనే అంటారు, అందులో ఆఫీసు లక్షణం ఒక్కటీ లేకపోయినా సరే. ఎండకు ఆరబోసిన పుల్లలు ముద్దయిపోతుంటే ఆడవాళ్ళు కొంగులు నడుముకు బిగించి వాటి మీదికి టార్పాలిన్ పట్టలు లాగుతున్నారు. యజమాని కొడుకు, ఈమధ్యనే పెద్ద చదువు ముగించుకుని వ్యాపారంలోకి దిగినవాడు, ఆ తడిసిన పుల్లల వంక చూసి, ఆ రోజుల్లో తొందరగదులని ఉండేవట, అవి ఇప్పుడుంటే ఈ బాధ లేకపోవును కదా అని తమిళంలో తనలో తనే అనుకున్నాడు.

అతని మీద నాకు కోపం రాలేదు. అతను పుట్టేనాటికే ఆ గదుల తలుపులు ఊడదీసి పాత ఇనుముకు అమ్మేశారు. కానీ వాన వెలిసి ఇంటికి వచ్చాక చెల్లెలికి మాత్రలు చేతిలో పెడుతుంటే, "ఏందక్కా, మొగము అట్లుండాది?" అని అడిగింది. వానలో తడిశానని చెప్పాను. అప్పటినుంచీ ఆ మాట లోపల తిరుగుతూనే ఉంది కనుక, నా వయసువాళ్ళు, ఆ కాలం కళ్ళతో చూసినవాళ్ళు ఇంకా కొందరున్నారు కనుక, వాళ్ళతోనైనా చెప్పుకుందామని రాస్తున్నాను.

నా తెలుగు చూసి నవ్వుకోకండి. తరాల కిందట తమిళనాడుకు వచ్చేసిన మా వాళ్ళు ఇంట్లో మాట్లాడుకునే మాటే గాని, ఇది చదువుకున్న భాష కాదు. మా పల్లె బడిలో మాకు వచ్చినవి తమిళ అక్షరాలే. పెళ్ళయిన తరువాత మా ఆయన, గుంటూరు వైపునుంచి రైల్వే ఉద్యోగం మీద వచ్చి ఇక్కడే ఉండిపోయిన మనిషి, రోజూ భోజనాలయ్యాక పలక పట్టుకుని కూర్చుని నాకు అక్షరాలు దిద్దబెట్టాడు. నేను "వస్తిని, పోతిని" అంటే మా ముత్తవ్వ బతికొచ్చినట్టుందే అని నవ్వేవాడు. ఆయన పోయి కొన్నేళ్ళయింది. ఆయన నేర్పిన రాత మాత్రం ఇట్లా పనికొస్తోంది.

మాది ఒట్టపిడారం పక్కన నల్లరేగడి పల్లె. నాన్న పత్తీ మిరపా వేసేవాడు, వాన వస్తే పండేది, రాకపోతే లేదు. నాన్న చనిపోయిన ఏడాదే అమ్మ మా ఇద్దరినీ వెంటబెట్టుకుని కోవిల్‌పట్టి వచ్చేసింది, ఎందుకంటే అక్కడ అమ్మ తమ్ముడు, మా మామ, ఉన్నాడు. మా వాళ్ళలో మేనమామ అంటే ఎంతటి వాడో తెలిసినవాళ్ళకి చెప్పనక్కరలేదు. చెవులు కుట్టేటప్పుడు ఒళ్ళో కూర్చోబెట్టుకునేది మామే, ఆడపిల్ల పెద్దమనిషయితే పచ్చి కొబ్బరాకులతో గుడిసె కట్టి తొలిచీర భుజాన వేసేది మామే. నాకూ చెల్లెలికీ అవన్నీ చేసినవాడు ఈ మామే. చెల్లెలి చీరకని మదురై దాకా పోయి చిలకపచ్చ పట్టు తెచ్చాడు. నాకు అంతకుముందు తెచ్చినది మామూలు నేతచీర కావడంతో నేను రెండు రోజులు అన్నం తినలేదు, ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తుంది.

మేము ఊళ్ళోకి వచ్చిన కొత్తలోనే తొందరగదులు వచ్చాయి. ఎక్కడో పెద్ద నగరాల్లో మొదలై, నేత మిల్లుల్లోకీ రంగుల ఫ్యాక్టరీల్లోకీ పాకి, చివరికి మా ఎండిన ఊళ్ళకి చేరాయి. మన వయసువాళ్ళకి గుర్తుండే ఉంటుంది: కిటికీలు లేని మందపాటి గోడలు, పచ్చ రంగు ఇనుప తలుపు, ఆ తలుపులో అరచేతి వెడల్పున ఒక అద్దం. లోపల కాలం పరుగెత్తేది. పొద్దున లోపలికి పోయినవాళ్ళు సాయంత్రం బయటికి వచ్చేసరికి లోపల వారం గడిచి ఉండేది. మందులో ముంచిన పుల్లలు మధ్యాహ్నానికే గలగలలాడుతూ ఆరిపోయేవి. ఆకాశంలో మబ్బు పట్టినా, ఊరంతా వాన కురిసినా ఆ గదికి లెక్కలేదు. కానీ పుల్లలు వాటంతట అవి చట్రాల్లోకి ఎక్కవు కదా, పెట్టెల్లోకి దూకవు కదా. దానికి మనుషులు కావాలి. లోపలే వండుకుని, లోపలే పడుకుని, లోపలి వారమంతా పనిచేసే ఆడవాళ్ళు కావాలి.

మరి లోపల గడిచిన ఆ కాలమంతా ఒంటి మీద పడదా అని ఎవరైనా అడుగుతారు. మేమూ అడిగాము. దానికి కంపెనీ చెప్పిన జవాబు తిరుగుగది. తొందరగది ఒంటిమీద వేసిన వయసును తిరుగుగది వెనక్కి తీసేస్తుందని, అది విరుదునగరులో ఉందని, ప్రతి ఆదివారం వ్యానులో తీసుకుపోయి అందులో కూర్చోబెట్టి తీసుకొస్తామని చెప్పారు. ఈ మాట మాకు చెప్పింది మాత్రం కంపెనీవాళ్ళు కారు. కంపెనీ మనుషులు ఇంగ్లీషూ తమిళమూ కలిపి మాట్లాడేవాళ్ళు, అమ్మ వాళ్ళ ముందు తల కూడా ఎత్తేది కాదు. చెప్పింది మామ. ఆయన అప్పటికి ఆ ఆఫీసులో మేస్త్రీ. గుమ్మంలో కాళ్ళు కడుక్కుని, చాప మీద బాసింపట్టు వేసుకుని కూర్చుని, మన మాటలో చెప్పాడు.

"అక్కా, పరాయి మాట నమ్మొద్దు, సరి. నా మాట కూడానా? నేను మోసిన బిడ్డలు ఇవి. వీటికి ఒక వెంట్రుక నెరిస్తే నన్ను అడుగు."

అమ్మ లేచి ఆయనకి అన్నం వడ్డించింది.

ఇద్దరమూ పేరిచ్చాము. తొందరగది తలుపు దాటేటప్పుడు చెవులు మూసుకుపోయి, నేల కిందికి జారినట్టయ్యేది. కొందరికి రెండు రోజుల్లో అలవాటయ్యేది, కొందరికి ఎప్పటికీ కాదు. నేను మూడుసార్లు ప్రయత్నించి మూడుసార్లూ గుమ్మంలోనే స్పృహ తప్పి పడ్డాను. చెల్లెలు మాత్రం చెవులు రెండూ మూసుకుని నవ్వుతూ దాటేసింది. నన్ను బయట షెడ్డులో లేబుళ్ళు అంటించే పనికి వేశారు. ఆ రోజు నేను ఎంత ఏడ్చానో చెప్పలేను. పందొమ్మిదేళ్ళ చెల్లెలికి వచ్చింది నాకు రాలేదే అని ఏడుపు. మనిషి తన అదృష్టాన్ని తానే గుర్తుపట్టలేడు.

ఆ రోజుల్లో సాయంత్రాలు వింతగా ఉండేవి. పొద్దున దువ్వెన కోసం ఇద్దరం పోట్లాడుకుని మొహాలు తిప్పుకుని వెళ్ళేవాళ్ళం. నేను సాయంత్రం దాకా ఆ కోపం మోసుకుంటూ ఉంటే, తను బయటికి వస్తూనే వారం రోజులు ఊరెళ్ళి వచ్చినదానిలా నా మెడ పట్టుకునేది. పోట్లాట తనకి గుర్తే ఉండేది కాదు. లోపల ఎవరు ఏ పాట పాడారు, ఎవరికి జ్వరం వచ్చి తగ్గింది, ఎవరు ఎవరితో మాట్లాడటం మానేసి మళ్ళీ కలిశారు, ఇవన్నీ చెబుతుంటే నా దగ్గర చెప్పడానికి ఒక మధ్యాహ్నం తప్ప ఏమీ ఉండేది కాదు. అద్దంలోంచి చూస్తే బయటివాళ్ళు రాతి బొమ్మల్లా ఉంటారని చెప్పేది. ఒకసారి బయట ఎగిరే కాకి ఒకటి, తను అన్నం తిని, కంచం కడుక్కుని, కునుకు తీసి లేచేదాకా గాలిలో అక్కడక్కడే వేలాడుతున్నట్టు కనిపించిందట. బయటినుంచి మేము చూస్తే వాళ్ళు తేనెటీగల్లా ముసురుతూ కనిపించేవాళ్ళు, ఏ మొహం ఎవరిదో తెలిసేది కాదు.

ఇక ఆదివారాలు. ఆ ఆదివారాల గురించి రాయాలంటేనే నా చెయ్యి ఆగుతుంది. పొద్దున్నే తలంటుకుని, పూలు పెట్టుకుని, వ్యానులో ఒకళ్ళ ఒళ్ళో ఒకళ్ళం కూర్చుని, సాత్తూరు దాటేదాకా పాటలు. నేను లోపలి పనిదాన్ని కాకపోయినా అక్కని కదా అని మామ నన్నూ ఎక్కించుకునేవాడు. కడలమిట్టాయి, అంటే వేరుశనగ చిక్కీ, పొట్లాలు ఆయనే కొనిపెట్టేవాడు. విరుదునగరు మార్కెట్టు వెనక, గోదాముల మధ్య ఒక పొడుగాటి గది. లోపల చీకటి, చల్లదనం, నేలమీద ఈతచాపలు, గోడల్లోంచి వచ్చే ఒక సన్నని హోరు. ధనియాల వాసన లాంటిది ఒకటి ఉండేది. తిరిగివచ్చే కాలానికి అదే వాసనేమోనని మేము అనుకునేవాళ్ళం. కళ్ళు మూసుకుని పడుకోమనేవారు. వారమంతా నిలబడి పనిచేసిన పిల్లలు, పడుకున్న నిమిషంలో నిద్రపోయేవాళ్ళు. లేచాక ఒళ్ళు తేలికగా ఉండేది, ఎందుకుండదు? బయటికి వచ్చి ఒకే చేతి అద్దంలో వంతులవారీగా మొహాలు చూసుకుని, నీ కళ్ళ కింద నలుపు పోయిందే, నీ బుగ్గ నిగనిగలాడుతోందే అని ఒకరికొకరు ఒట్టేసి చెప్పుకునేవాళ్ళం. ఆ తరువాత మార్కెట్టు ముందర పరోటా కొట్టు. విరుదునగరు పరోటా తిననివాళ్ళకి ఎట్లా చెప్పాలి, కాగే నూనెలో వేయించి తీసి, విరిస్తే బిస్కెట్టులా పెళుసుగా విరిగేది, దాని మీద సాల్నా, అంటే పల్చని మసాలా పులుసు, పోసుకుని తింటే ఇంకేమీ అక్కర్లేదనిపించేది.

నేనూ వాళ్ళతో పాటు ఆ గదిలో పడుకునేదాన్ని. ఒకసారి అనుమానం వచ్చి మామని అడిగాను, నేను తొందరగదిలోకి పోనే లేదు కదా, నన్ను కూడా ఇది వెనక్కి లాగితే చిన్నపిల్లనైపోనా అని. మామ పకపకా నవ్వి, పోయినదాన్నే తెచ్చి ఇస్తాది గాని ఉన్నదాన్ని పీక్కోదు అన్నాడు. ఆ జవాబు నాకు ఎంతో తెలివైనదిగా తోచింది.

రెండు మూడు దీపావళులు ఇట్లా గడిచాయి. చెల్లెలి చేతులు మా అమ్మ చేతుల్లా అయ్యాయి. నుదుటి పక్కన తెల్ల వెంట్రుకలు వచ్చాయి. అగ్గిమందు పొగకి అట్లా అవుతుందని, పని మానేస్తే పోతుందని మామ అన్నాడు. గుంటగలగరాకు నూనె తెచ్చి ఇచ్చాడు. అమ్మ చెల్లెలికి జడ వెయ్యడం ఎప్పుడు మానేసిందో నేను గమనించలేదు. గదిలోకి పోయిన పిల్లలందరూ అట్లాగే ఉండేవాళ్ళు గనుక, ఒకరి పక్కన ఒకరు నిలబడితే ఎవరికీ ఏ తేడా కనబడేది కాదు. చూడకూడదనుకున్న దాన్ని కళ్ళు చూడవు.

ఆ ఆదివారం విరుదునగరులో మధ్యాహ్నం కరెంటు పోయింది. నేను మెలకువగానే ఉన్నాను. గోడల్లోని హోరు ఒక్కసారిగా ఆగిపోయింది. కోవిల్‌పట్టిలో తొందరగదికి కరెంటు ఒక్క క్షణం కూడా పోనిచ్చేవాళ్ళు కాదు, గది ఆగితే లోపలివాళ్ళ ప్రాణానికే మోసమని రెండు జనరేటర్లు పెట్టారు. ఇక్కడ గది ఆగిపోయినా మాకు ఏమీ కాలేదు. చెవులు మూసుకుపోలేదు, నేల జారినట్టు కాలేదు. గోడ అవతల ఎవరో ఆడమనిషి కరెంటువాళ్ళను తిట్టడం వినబడింది. పక్కన నిద్రపోతోందనుకున్న చెల్లెలు లేచి కూర్చుని ఉంది. తలుపు తోసుకుని బయటికి పోయింది, వెనకే నేనూ.

గోడ అవతల ఉన్నది నూనె మిల్లు. గుమ్మంలో ఒక పెద్దామె చేటతో నువ్వులు చెరుగుతోంది. మేమిద్దరం మాట్లాడుకునేది విని, తనూ మన మాటే ఎత్తుకుంది.

"వారము వారము వచ్చి ఆ కొట్టడిలో పండుకుని పోయే ఆడోళ్ళు మీరేనా? నేను అడగాలనే అనుకుంటా ఉంటి. ఏమి మొక్కుబడమ్మా అది?"

చెల్లెలు అడిగింది, ఆ గదిలో ఏ యంత్రం ఉందని.

"యంత్రమా? అది ధనియాల కొట్టడి తల్లీ. దాంట్లో ఏముండాది, ఎలకలు ఉండాయి. ఇప్పుడు సరుకు లేదని ఓనరు ఆదివారానికి మాత్రము అద్దెకిచ్చినాడు. మీ మేస్త్రీ వచ్చి అడిగిపోయె."

"మరి ఆ హోరు?"

"మా మిల్లుదే. కరెంటు పోయెనే, ఇప్పుడు యాడుండాది?"

చెల్లెలు ఆ గోడకి చెయ్యి ఆనించి చూసింది. నేను ఏడవడం మొదలుపెడితే నన్ను ఊరుకోమంది. తరువాత ఇద్దరం మార్కెట్టు ముందరికి నడిచాము. మామ పరోటా కొట్టులో మా అందరికీ అరిటాకులు పరిపించి, ఒక ఆకు ముందు తనూ కూర్చుని ఉన్నాడు. చెల్లెలు ఎదురుగా కూర్చుంది.

"మామా, ఆ గదిలో యంత్రము యాడ పెట్టినారు?"

మామ చేతిలో ఉన్న పరోటా ముక్క సాల్నాలో ముంచాడు. తల ఎత్తలేదు.

"తిను పాపా. చల్లారిపోతాది."

అంతే. లేదు అనలేదు, ఎవరు చెప్పారు అని కోప్పడలేదు. కంపెనీ తనని కూడా మోసం చేసిందని ఒక అబద్ధం చెప్పి ఉన్నా మేము నమ్మేవాళ్ళమే, నమ్మడానికి అప్పటికీ సిద్ధంగానే ఉన్నాము. ఆ ఒక్క మాటతో ఆయనకి మొదటినుంచీ తెలుసని మాకు తెలిసిపోయింది. చెల్లెలు ఆకు మడిచి లేచింది.

తిరుగు ప్రయాణంలో వ్యానులో చెల్లెలు అందరికీ చెప్పింది. అరవలేదు, ఏడవలేదు, బడిలో పాఠం చెప్పినట్టు చెప్పింది. డ్రైవరు పక్కన కూర్చున్న మామ వెనక్కి తిరగలేదు. సాత్తూరు దగ్గర ఒక పిల్ల చేతి అద్దం తీసి మొహం చూసుకుని, కిటికీలోంచి రోడ్డు మీదికి విసిరేసింది.

మర్నాడు పొద్దున తొందరగది ముందు అందరూ వచ్చారు గాని తలుపు ఎవరూ దాటలేదు. నేలమీద కూర్చున్నారు. బయట షెడ్డులో పనిచేసే మేమూ పని వదిలి వాళ్ళ పక్కన కూర్చున్నాము. ఆ కబురు ఊరు దాటింది. వెంబకోట్టై మతాబుల ఆఫీసుల్లో, సాత్తూరులో, ఇంకా ఎక్కడెక్కడి మిల్లుల్లోనో ఆడవాళ్ళు తమ తమ తిరుగుగదుల గోడల వెనక్కి పోయి చూశారు. ఒకచోట అది వాడుకలో లేని బియ్యం గోదాము, ఇంకొకచోట కల్యాణమండపం వంటశాల. దేశంలో ఎక్కడా తిరుగుగది అనేదే లేదు. పోయిన కాలాన్ని తిరిగి ఇచ్చే యంత్రాన్ని ఎవరూ ఎప్పుడూ తయారుచెయ్యనే లేదు. ముందుకు తొయ్యడం ఒక్కటే వాళ్ళకి చాతనైనది. ఏడాది తిరక్కుండా తొందరగదులన్నిటికీ సీళ్ళు పడ్డాయి, కంపెనీలు మూతపడ్డాయి, పెద్దవాళ్ళు ఎక్కడికి పోయారో పోయారు. అంతటి కాలం అంత తేలికగా ఎట్లా కూలిందా అని ఇప్పటికీ ఆశ్చర్యమే.

కూలిన తరువాత విచారణలు పెట్టారు. మా వైపు వాళ్ళకి విరుదునగరులోనే ఒక హాల్లో. గదుల్లో వయసు పోగొట్టుకున్నవాళ్ళు ఫలానా అని ప్రభుత్వం గుర్తిస్తే, వాళ్ళ ఆరోగ్యమూ బతుకుతెరువూ జన్మాంతం చూసుకోవాలని, వాళ్ళని నమ్మించి గదుల్లో చేర్చినవాళ్ళని జైలుకు పంపాలని నిర్ణయం. కానీ కంపెనీలు పోతూ పుస్తకాలన్నీ మాయం చేశాయి గనుక, ఈమె మొదట ఇంత చిన్నదే అని పుట్టుక ఎరిగిన పెద్దవాళ్ళే చెప్పాలి, తోటి పనివాళ్ళ మాట చెల్లదు. మేమిద్దరం పల్లెలో ఇంట్లోనే పుట్టాము. బడి రిజిస్టర్లు ఎప్పుడో వానకి తడిసి పోయాయి. మంత్రసాని చనిపోయింది. మా పుట్టుక తెలిసినవాళ్ళు ఇద్దరే మిగిలారు, మా అమ్మా, మా మామా.

ఆ పొద్దున మేము బయలుదేరుతుంటే మామ ఇంటికి వచ్చాడు. ఈసారి కాళ్ళు కడుక్కోలేదు, లోపలికి రాలేదు. గుమ్మంలోనే నిలబడి అమ్మతో ఒక్క మాట అన్నాడు. నేను వంటింట్లో ఉండి విన్నాను.

"అక్కా, నన్ను జైలుకు పంపిస్తే నీకు పుట్టిల్లు యాడుండాది?"

మేము బస్సెక్కి వెళ్ళాము.

హాల్లో నన్నూ చెల్లెలినీ పక్కపక్కన నిలబెట్టారు. మామని ముందు పిలిచారు. తను కేవలం వ్యాను చూసుకునేవాడినని, ఈ పిల్లల పుట్టుపూర్వాలు తనకి బాగా తెలుసని చెప్పి, వేలు చూపించి, తమిళంలో, తడబడకుండా అన్నాడు: "పెద్దది అది. చిన్నది ఇది." చెల్లెలిని చూపించి పెద్దది అన్నాడు, నన్ను చూపించి చిన్నది అన్నాడు. మొదటినుంచీ ఆమెకి వయసు ఎక్కువేనని, గదికీ ఆమె నెరిసిన జుట్టుకీ సంబంధం లేదని అన్నాడు. నేను అడ్డుపడబోతే, నీ వంతు వచ్చినప్పుడు చెప్పమని అధికారి ఆపేశాడు. నా వంతులో చెప్పాను. సొంత చెల్లెలి కోసం చెప్పేదాన్ని గనుక నా మాటకి బరువు లేదు. చివరికి అమ్మని పిలిచారు.

అధికారి మంచివాడే, నిదానంగా అడిగాడు: అమ్మా, వీళ్ళిద్దరిలో ముందు ఎవరిని కన్నావు?

అమ్మ మా వైపు చూడలేదు. బెంచీ చివర కూర్చున్న తమ్ముడి వైపు చూసింది. చాలాసేపు చూసింది. అప్పుడు అంది, "గ్యాపకము లేదు సామీ."

చెల్లెలు తల వంచుకుని తన చేతులకేసి చూసుకుంది. హాల్లో మా పక్క బెంచీల మీద వ్యానులో మాతో పాడిన పిల్లలందరూ ఉన్నారు. వాళ్ళ తల్లులు ఒకరి తరువాత ఒకరు లేచి, గుండెలు బాదుకుని, నా బిడ్డ ఫలానా కరువుకి పుట్టింది, ఫలానా తిరునాళ్ళ ముందు పుట్టింది అని చెప్పారు. వాళ్ళందరికీ గుర్తింపు వచ్చింది. మా చెల్లెలికి రాలేదు. ఆ గోడ వెనక్కి మొదట నడిచిన మనిషికి రాలేదు. అప్పటినుంచి కాగితాల మీద కూడా తను నాకు అక్కే.

తిరిగి వచ్చేటప్పుడు బస్సులో ముగ్గురం ఒకే సీటులో కూర్చున్నాము. కొంత దూరం పోయాక అమ్మ అలసిపోయి చెల్లెలి భుజం మీద తల వాల్చి నిద్రపోయింది. నేనైతే భుజం లాక్కునేదాన్ని. చెల్లెలు కోవిల్‌పట్టి వచ్చేదాకా కదలలేదు.

మామ ఆ తరువాత మా గుమ్మం తొక్కలేదు. పుట్టిల్లు కోసం నోరు కట్టుకున్న అమ్మకి ఆ పుట్టిల్లూ మిగల్లేదు. ఒక్కసారి, ఒకే ఒక్కసారి, నేను ఏదో కోపంలో నిలదీస్తే అమ్మ అంది, "నా చెయ్యి పట్టుకొని నడక నేర్చినోడే వాడు. ఏమి చెయ్యమంటావు." చెల్లెలూ నీ చెయ్యి పట్టుకునే నడక నేర్చింది కదే అని నేను అనలేకపోయాను. మామ చనిపోయిన కబురు వచ్చినప్పుడు నేను వెళ్ళలేదు. అమ్మ ఒక్కతే నడవలేదని చెల్లెలు వెంట వెళ్ళింది. చావింట్లో వాళ్ళిద్దరినీ చూసి అక్కచెల్లెళ్ళనుకున్నారట.

చెల్లెలు పెళ్ళి చేసుకోలేదు. అడిగినవాళ్ళు లేక కాదు. గదిలో వయసు పోయినవాళ్ళని చేసుకుంటామని ముందుకు వచ్చిన మంచివాళ్ళు ఆ రోజుల్లో ఉన్నారు. నాకు ఓపిక లేదక్కా అనేది. మా ఇంట్లోనే ఉంది, నా పిల్లల్ని పెంచింది, అమ్మని చివరిదాకా చూసింది. చివరి ఏడాది అమ్మకి మనుషులు గుర్తు తప్పారు. నన్ను పేరు పెట్టి పిలిచేది గాని, తనకి అన్నం పెట్టే చెల్లెలిని మాత్రం "అక్కా" అని పిలిచేది. మొదటిసారి ఆ పిలుపు విన్న రోజు నేను పెరట్లోకి పోయి నిలబడ్డాను. చెల్లెలు మాత్రం, "ఆఁ, చెప్పు" అని పలికింది. ఆనాడు లేదన్న జ్ఞాపకం నిజంగానే పోయాక గాని అమ్మ చెల్లెలి మొహంకేసి నిదానంగా చూడలేదు.

ఇప్పుడు తనకి వినికిడి తగ్గింది. మెట్లు ఎక్కలేదు. నాకంటే వెనక పుట్టిన మనిషికి నేను స్నానం చేయిస్తున్నాను, గోళ్ళు తీస్తున్నాను. కోవిల్‌పట్టి మారిపోయింది. పుల్లలు చట్రాల్లోకి ఎక్కించడానికి ఇప్పుడు యంత్రాలున్నాయి. మిగిలిన చిన్న ఆఫీసులు మళ్ళీ ఎండనే నమ్ముకున్నాయి. పచ్చ తలుపుల గదులు కొన్ని కడలమిట్టాయి గోదాములయ్యాయి. మనవలకి ఆ రోజుల గురించి చెబితే పేదరాశి పెద్దమ్మ కథ విన్నట్టు వింటారు, ఇంతమందిని ఎట్లా నమ్మించారమ్మమ్మా అని అడుగుతారు. నమ్మించలేదమ్మా, నమ్మాము అంటాను. పరాయివాడు మనల్ని మోసం చెయ్యాలంటే చాలా కష్టపడాలి. మనవాడు వచ్చి చాప మీద కూర్చుంటే చాలు. అప్పట్లో సాత్తూరు బస్టాండులో ఎవరైనా మన మాట మాట్లాడితే చాలు, ఏ ఊరు, ఎవరి బిడ్డవు అని సంచిలోది తీసి పెట్టేవాళ్ళం. ఇప్పుడు నేను మొహం చూసి, తమిళంలో జవాబిస్తున్నాను.

నిన్న ఆదివారం. మధ్యాహ్నం ఎండ కాస్త తగ్గాక చెల్లెలిని వీధి అరుగు మీద కూర్చోబెట్టి తల దువ్వుతున్నాను. ఏదో గుర్తొచ్చినట్టు తనే అంది:

"అక్కా, ఆ ఆదివారాలు మాత్రము బాగుండె కదా."

అది అంతా అబద్ధమే, ఆ పాటలూ ఆ నిద్రా ఆ పరోటా అన్నీ మనల్ని మళ్ళీ సోమవారం గదిలోకి తొయ్యడానికి పెట్టిన ఎర అని నాకు నోటిదాకా వచ్చింది. దశాబ్దాలుగా నేను ఆ రోజుల్ని తలచుకోవడమే మానేశాను, వాటిలో ఒక్క గంటని కూడా నేను ప్రేమగా ముట్టుకోలేను. కానీ తను యవ్వనంలో ఉండగా వెలుతురు చూసిన రోజులు అవే. సాయంత్రాలు తీసేస్తే, మిగిలినదంతా ఆ గోడల మధ్యే పోయింది. వాటిని కూడా నేను లాగేసుకుంటే తనకి ఏం మిగులుతుంది?

చెవికి దగ్గరగా వంగి, వినబడేట్టు, బాగుండె అన్నాను.